ఇస్త్రీ గది తలుపు

దయ్యాన్ని పట్టుకోవడానికి వచ్చిన ఆవిడ కాళ్ళ మీద మొట్టమొదట పడింది సబ్బునీళ్ళు. పొరపాటున పడ్డవి కావు. లాండ్రీ వెనక వాకిట్లో ఒకామె బకెట్ ఎత్తి, ఆవిడ ఎక్కడ నిలబడిందో చూసి, కాస్త పక్కకి జరిగి, గురి కుదుర్చుకుని మరీ గుమ్మరించింది. పైగా "అయ్యో, చూసుకోలేదు మేడమ్" అంది. చూసుకోని మనిషికి ఉండాల్సిన కంగారు ఆ మొహంలో వెతికినా లేదు.

"పర్లేదు," అంది ఆవిడ, బూట్లు విప్పి నీళ్ళు వంపుకుంటూ. "మీ దయ్యం కూడా ఇంత గురిచూసి కొడుతుందా?"

ఎవరూ నవ్వలేదు. కెమెరా సంచి భుజానికి తగిలించుకుని వెనక నిలబడ్డ తమ్ముడు మాత్రం పెదవి కొరుక్కుని నవ్వాపుకున్నాడు. ఆవిడ తీసే డాక్యుమెంటరీలకి కెమెరా పట్టేది వాడే, వ్యాన్ నడిపేది వాడే, అక్క ఎవరితోనైనా తగువేసుకుంటే మధ్యలో దూరి సర్దిచెప్పేదీ వాడే. మూడో పని మిగతా రెండిటికంటే ఎక్కువగా ఉండేది.

జనం ఆవిణ్ణి దయ్యాల మేడమ్ అంటారు. ఎక్కడ దయ్యముందన్నా, ఎక్కడ అంతుపట్టని చప్పుడు వినపడిందన్నా వెళ్ళి, ఓపిగ్గా కూర్చుని, దాని గుట్టు విప్పి సినిమా తీయడం ఆవిడ పని. అటక మీద ఏడ్చే పసిబిడ్డ పావురమని తేల్చింది. తనంతట తాను కదిలే మంచం కింద నేల వాలుగా ఉందని గోళీకాయ దొర్లించి చూపించింది. కెమెరా ముందు ఒక్క అబద్ధం ఆడలేదన్నది ఆవిడ గర్వం. నిజం చెప్పడమే తన పని, అది ఎవరి నెత్తిన పడుతుందో చూసుకోవడం తన పని కాదు అనేది. ముక్కు మీద కోపం కాబట్టి ఆ మాట చాలామందితో అనాల్సి వచ్చేది.

ఈసారి పిలిచింది లాండ్రీ యజమాని. ఆస్పత్రుల దుప్పట్లు, హోటళ్ళ దుప్పట్లు అన్నీ అక్కడికే వస్తాయి. ముందు హాల్లో ఉతికే మెషిన్లు, పిండే మెషిన్లు, మడతల బల్లలు. వెనక ఇస్త్రీ గది. దానికొక ఇనుప తలుపు, అంచున ఆవిరి పోకుండా రబ్బరు పట్టీ.

"పోయిన ఎండల్లో ఒక పనమ్మాయి చనిపోయిందండీ," అన్నాడు యజమాని. "ఇక్కడ కాదు, ఇంటికెళ్ళే దారిలో. గుండె జబ్బు. అప్పట్నుంచీ ఈ తలుపు మూస్తే చాలు, లోపల్నుంచి దబదబా కొడుతున్న చప్పుడు. ముందు హాల్లో వాళ్ళు పనులొదిలేసి పారిపోతున్నారు. తీసి చూస్తే లోపల ఎవరి పనిలో వాళ్ళుంటారు, తలుపు దగ్గర పురుగు కూడా ఉండదు. చేసేది లేక తెరిచే ఉంచుతున్నా. హాల్లోంచి దుమ్మంతా ఉతికిన దుప్పట్ల మీదే."

"అసలు ఎందుకు మూయాలి?"

"మూయకపోతే ఒకత్తె నీళ్ళకంటుంది, ఒకత్తె గాలికంటుంది. వెళ్ళిన మనిషి రాదు. దిండు గలీబులకి కాళ్ళొస్తాయి. గొళ్ళెం ఉంటే ఏ గోలా లేదు."

"గొళ్ళెం బయటుందే?"

"లోపలుంటే వాళ్ళే తీసుకోరూ?" అన్నాడు యజమాని, చిన్నపిల్లకి చెప్పినట్టు. ఆవిడ తల ఊపింది. తలుపు మందం వేలితో కొట్టి చూసుకుంటోంది, చప్పుడు ఎటునుంచి ఎటు పాకుతుందా అని. ఆయన మాట చెవిన పడిందిగానీ మనసు దాకా వెళ్ళలేదు.

ఇస్త్రీ గదిలో నిలువెత్తు ఇనుప రోలర్ ఆవిరితో కాలుతూ తిరుగుతోంది. ఇటువైపు ఇద్దరు ఆడవాళ్ళు తడి దుప్పటి మూలలు పట్టుకుని, ఒక్క విదిలింపుతో ముడతలు తీసి, రోలర్ నోటికి అందిస్తున్నారు. అటువైపు ఇద్దరు పొగలు కక్కుతూ వచ్చే దుప్పటిని అందుకుని, ముందుకీ వెనక్కీ నడుస్తూ మడతేస్తున్నారు. వాళ్ళ వేళ్ళ చివర్లు వేడికి కాలి కాలి నున్నగా ఉన్నాయి. వీళ్ళందరికీ పెద్దది ఒక బక్కపల్చటి మనిషి. అందరూ ఆమెని పిన్ని అంటారు. ఆమె చేతిలో ఒక ఇనుప కొక్కెం. చిక్కుపడ్డ తడి మూటల్ని ట్రాలీలోంచి దాంతోనే లాగుతుంది.

ఆ రోజంతా ఆవిడ వాళ్ళని ఒక్కొక్కర్నీ కూర్చోబెట్టి అడిగింది. ఒకామె, ఆ చప్పుడు వినలేదు, నాకు చెవుడు అంది. చెవుడైతే నేనడిగింది ఎలా వినపడిందంటే, మీ గొంతు అలాంటిది మేడమ్ అంది. ఇంకొకామెని దయ్యం ఎలా ఉంటుందని అడిగితే, సూపర్‌వైజర్‌కి మీసం గీసేస్తే ఎలా ఉంటాడో అలాగ అంది. సూపర్‌వైజర్ ఆ మాట విని మొహం మాడ్చుకున్నాడు. అతన్ని వాళ్ళు గొళ్ళెం బాబాయ్ అంటారు. అతని కుర్చీ ఆ తలుపు పక్కనే.

"చనిపోయినామె పేరేంటి?" అని అడిగింది ఆవిడ పిన్నిని.

"పుల్ల."

"అసలు పేరు?"

"అసలు పేరుతో మీకేం పని? మీకు దయ్యం కదా కావాలి. దయ్యం పేరు పుల్ల," అని పిన్ని లేచి వెళ్ళిపోయింది. కెమెరా ఖాళీ కుర్చీని చూస్తూ ఉండిపోయింది.

టీ తాగడానికి వ్యాన్ దగ్గరికి వచ్చాక తమ్ముడు అన్నాడు, "అక్కా, వీళ్ళకి మనమంటే ఒళ్ళుమంట. వదిలేద్దామా?"

"దాస్తున్నారురా. తేలు కుట్టిన దొంగల్లా ఎలా ఉన్నారో చూశావా? వాళ్ళలోనే ఎవరో కొడుతున్నారు. రేపు పట్టుకుంటా." ఆవిడ కళ్ళు మెరిశాయి. దయ్యం ఎంత మొండిదైతే ఆవిడకి అంత హుషారు.

మర్నాడు పట్టుకుంది కూడా. పొద్దున్నే పనివాళ్ళు రాకముందే గది గోడలన్నీ చేత్తో తడిమింది. రోలర్‌కి ఆవిరి తెచ్చే పైపు గోడ వెంబడి వెళ్ళి, తలుపు చట్రాన్ని ఒరుసుకుంటూ బయటికి పోతోంది. తమ్ముణ్ణి బయట నిలబెట్టి ఆ పైపు మీద నాణెంతో కొట్టింది. "తలుపే కొట్టినట్టుంది!" అని అరిచాడు వాడు. ఇంక కావలసింది ఆ పైపు మీద పడే చెయ్యి. ఉతికిన మూటల ట్రాలీలో, దిండు గలీబుల మధ్య, అగ్గిపెట్టంత కెమెరా ఒకటి దాచి, యజమానితో తలుపు మూయించమంది.

గొళ్ళెం పడింది. ఆవిడ హాల్లో నిలబడింది. కాసేపటికి తలుపు దబదబా మోగింది. చప్పుడు నిజంగానే వెన్నులోంచి వెళ్ళేలా ఉంది. ఎవరో బతిమాలి బతిమాలి ఇంక ఓపిక లేక కొడుతున్నట్టుంది. మడతల బల్లల దగ్గరివాళ్ళు గోడకి అతుక్కుపోయారు. సూపర్‌వైజర్ గొళ్ళెం తీసి వెనక్కి దూకాడు. లోపల ఆడవాళ్ళు కుక్కిన పేనుల్లా పని చేసుకుంటున్నారు. పిన్ని ట్రాలీలోంచి మూట లాగుతోంది.

ఆ సాయంత్రం వ్యాన్‌లో కూర్చుని చిన్న తెరమీద చూశారు అక్కా తమ్ముడూ. గలీబుల సందులోంచి పిన్ని చెయ్యి స్పష్టంగా కనపడింది. మూట లాగినట్టే వంగి, కొక్కెం వెనక్కి తిప్పి, పైపు మీద కొడుతోంది. మిగతావాళ్ళు ఆమె వంక చూడనైనా చూడలేదు. ఒకామె మాత్రం కళ్ళు తుడుచుకుంది.

"దొరికింది," అంది ఆవిడ తొడ చరుచుకుని.

"ఆవిడెందుకేడుస్తోందక్కా?" అన్నాడు తమ్ముడు.

"ఆవిరి కళ్ళలో పడుంటుంది. రేపు పొద్దున ఈ పెద్దమనిషి సంగతి తేలుస్తా."

మూడోరోజు పిన్నిని వాకిట్లోకి పిలిచి, ఆరేసిన దుప్పట్ల చాటున నిలబెట్టి, ఆ ముక్క చూపించింది. ఏడుస్తుందనో, కాళ్ళావేళ్ళా పడుతుందనో అనుకుంది. కాదని దబాయించినా ఆవిడ సిద్ధంగానే ఉంది. పిన్ని తెర మీదికి వంగి చివరిదాకా చూసింది.

"చెయ్యి బాగానే పడింది," అంది. "ఇప్పుడేం చేస్తారు?"

"చూపిస్తాను. అదే నా పని."

"యజమానికా?"

"అందరికీ. ఎందుకు చేశారో చెప్పండి, అది కూడా చూపిస్తాను."

పిన్ని కొక్కేన్ని ఒక చేతిలోంచి ఇంకో చేతిలోకి మార్చుకుంది. "పుల్ల దారిలో పోలేదు. ఆ గదిలోనే పోయింది. గొళ్ళెం పెట్టుంది. ఫ్యాన్ చెడింది. కొట్టాం, అరిచాం. వేళాకోళం అనుకున్నారు. తీసేసరికి పిల్ల అయిపోయింది. అప్పుడు మోసుకెళ్ళి బండెక్కించి, దారిలో పోయిందన్నారు. చాలా మీకు?"

మంచి మాటే అంటున్నాననుకుని ఆవిడ అంది, "ఇది కూడా సినిమాలో పెడతాను. గొళ్ళెం సంగతి, పుల్ల సంగతి, అంతా. నిజం బయటికొస్తే..."

"వచ్చింది ఒకసారి. తనిఖీకొచ్చిన ఆఫీసరు అన్నీ రాసుకున్నాడు. ఆ వారమంతా తలుపు తెరిచారు. చల్లటి మంచినీళ్ళు కూడా పెట్టారు. మరుసటి వారం మళ్ళీ గొళ్ళెం పడింది. ఆఫీసరు తిరిగి రాలేదు. మీ సినిమా కూడా ఒక వారం ఆడుతుంది. దయ్యం అలా కాదు మేడమ్, రోజూ పనికొస్తోంది. ఒక్కరోజు సెలవు పెట్టలేదు."

"అబద్ధం మీద ఎన్నాళ్ళు బతుకుతారు?"

"ఊపిరాడినన్నాళ్ళు," అని పిన్ని తడి దుప్పటి తప్పించుకుని వెళ్ళిపోయింది. వెళుతూ ఆగి, "మీరు యజమానికి చుట్టమా?" అంది. కాదని ఆవిడ గట్టిగానే చెప్పింది. "అయితే మరీ అన్యాయం," అంది పిన్ని.

ఆవిడకి ఒళ్ళు మండిపోయింది. అవతలివాళ్ళది తప్పని తెలిసి కూడా జవాబు దొరక్కపోతే ఎవరికైనా అంతే. అలాంటప్పుడు ఆవిడ పని మీద పడుతుంది, పనివాళ్ళ మీద కూడా పడుతుంది. మిగిలింది ఒకే ఒక్కటి, గది చప్పుడు. ఏ గది నిశ్శబ్దం ఆ గదికి వేరుగా ఉంటుంది. సినిమా అతికేటప్పుడు మాటకీ మాటకీ మధ్య ఆ నిశ్శబ్దమే వేసి కుట్టాలి. అందుకని ప్రతి గదిలోనూ తలుపులు మూసి, ఫ్యాన్లూ మెషిన్లూ ఆపి, మనుషుల్ని కదలకుండా నిలబెట్టి, ఆ ఉత్తచప్పుడుని పట్టుకుంటారు. ఇన్నేళ్ళుగా ఎన్ని ఇళ్ళలో, ఎన్ని గదుల్లో ఆ పని చేసిందో ఆవిడకే లెక్క లేదు.

ఆ రోజు యజమాని ఆస్పత్రి పని మీద వెళ్ళాడు. తమ్ముణ్ణి మూటలు దించే చోటికి, బయటి షాట్లు తీసుకు రమ్మని పంపింది. ఫోన్లు దగ్గరుంటే రికార్డింగ్‌లో గరగర వస్తుందని ఆడవాళ్ళ ఫోన్లన్నీ ఒక బుట్టలో వేయించి, తనది కూడా పైన పడేసి, హాల్లో పెట్టించింది. రోలర్ ఆపించింది. సూపర్‌వైజర్ని ఫ్యాన్ ఆపమంది. దాని స్విచ్ బయటుంది.

"ఫ్యాన్ ఆపొద్దు," అంది పిన్ని.

"కాసేపే కదా."

"గొళ్ళెం బాబాయ్ కూడా కాసేపే అంటాడు."

ఆవిడ వినిపించుకోలేదు. సూపర్‌వైజర్ వైపు తిరిగి, అందరికీ వినపడేలా చెప్పింది. "గట్టిగా బిగించండి. గాలి చప్పుడు కూడా రాకూడదు. ఇంకో సంగతి. వీళ్ళు కావాలని పాడు చేస్తారు. ఎంత కొట్టినా, ఎంత మోగినా తీయకండి. నేను చెప్పేదాకా తీయొద్దు."

"మీరన్నాక తిరుగేముంది మేడమ్," అన్నాడు సూపర్‌వైజర్. ఇన్నాళ్ళకి తన మనసు తెలిసిన మనిషి దొరికిందన్నట్టు అతని మొహం వెలిగిపోయింది. గొళ్ళెం పడింది.

ఆవిడ చెవులకి హెడ్‌ఫోన్లు పెట్టుకుని కళ్ళు మూసుకుంది. పైపులో ఆవిరి సన్నగా బుస కొడుతోంది. ఎక్కడో ఒక చుక్క రాలుతోంది. ఆడవాళ్ళ ఊపిరి వినపడుతోంది. మంచి నిశ్శబ్దం. కాసేపటికి చెవుల వెనక చెమట పట్టింది. తిరగడం ఆగిందన్న మాటేగానీ రోలర్ కడుపులో వేడి అలాగే ఉంది. ట్రాలీల నిండా తడి దుప్పట్లు. పీల్చిన గాలి నీళ్ళలా లోపలికి వెళుతోంది.

"అయిపోయింది," అని హెడ్‌ఫోన్లు తీసి, వెళ్ళి తలుపు మీద వేలితో తట్టింది. "తీయండి."

బయట పిండే మెషిన్లు హోరుమంటున్నాయి. అరచేత్తో కొట్టింది. "తీయండి, నేనే!"

ఆడవాళ్ళు నిలబడ్డచోటే నిలబడి చూస్తున్నారు. నీళ్ళు గుమ్మరించినామె తాపీగా అంది, "ఇప్పుడు బయట ఏమంటున్నారో చెప్పనా మేడమ్? పుల్లొచ్చింది అంటున్నారు."

ముందు కోపం వచ్చింది ఆవిడకి. వీడికి చెవుడా, బుర్ర లేదా అని తిట్టింది. తిడుతుండగానే తన మాటలే తనకి గుర్తొచ్చాయి. ఎంత కొట్టినా తీయకండి. నేను చెప్పేదాకా తీయొద్దు. చెప్పడానికి గొంతు ఇనుము దాటదు, ఫోన్ బుట్టలో ఉంది, తమ్ముడు దూరంగా ఎండలో లారీల ఫొటోలు తీసుకుంటున్నాడు. తన గొయ్యి ఇంత శ్రద్ధగా, ఇంత లోతుగా తవ్వుకున్న మనిషి ఇంకొకరు ఉండరు. అప్పుడు భయమేసింది. మామూలు భయం కాదు. రెండు చేతులతో తలుపు బాదింది, కాలితో తన్నింది, తమ్ముణ్ణి పేరుపెట్టి పిలిచింది. కళ్ళ ముందు తలుపు అటూ ఇటూ ఊగింది.

"నోరు మూసుకో," అంది పిన్ని. మేడమూ లేదు, మీరూ లేదు. "అరిస్తే ఉన్న ఊపిరి పోతుంది. పడుకో."

"ఏంటి?"

"కింద పడుకో అంటున్నా. మొహం ఇటు పెట్టు." జబ్బ పట్టుకుని కిందికి లాగింది. తలుపు అడుగున రబ్బరు చిరిగిన చోట వేలు పట్టేంత సందుంది. అందులోంచి గాలి వస్తోంది. సబ్బు వాసన గాలి, చల్లగా ఉంది. ఆవిడ చెంప నేలకానించి దాన్ని తాగింది. ఇంకో ఇద్దరు చెరోపక్కా పడుకున్నారు. మిగతావాళ్ళు తడి దుప్పట్లు తల మీద కప్పుకుని గోడవారన కూర్చున్నారు. ఎవరూ ఎవరికీ ఏమీ చెప్పుకోలేదు. ఎవరి చోటు వాళ్ళకి తెలుసు.

"ఇది పుల్ల చోటు," అంది పిన్ని, తడి గలీబు ఆవిడ మెడ మీద వేస్తూ. ప్రేమగా ఏం వేయలేదు, విసిరినట్టే వేసింది. "మేం తనకి ఇచ్చాం ఈ చోటు. అప్పుడు రబ్బరు చిరగలేదు. తర్వాత నేనే చింపాను."

ఆవిడ ఏడ్చింది. సిగ్గుతో ఏడ్చిందో, ఊపిరాడక ఏడ్చిందో తేల్చుకునే తీరిక లేదు. కాస్త ఓపిక వచ్చాక మోకాళ్ళ మీద లేచి మళ్ళీ తలుపు మీద చెయ్యెత్తింది.

"చేత్తో ఎన్నాళ్ళు కొట్టినా అంతే," అని పిన్ని కొక్కెం చాపింది. "పైపు మీద కొట్టు. నీకు తెలుసుగా ఎక్కడో."

తెలుసు. ఆవిడ కొక్కెం తిప్పి పట్టుకుని కొట్టింది. గది మొత్తం మోగింది. బతిమాలుతున్నట్టు కొట్టింది, తిడుతున్నట్టు కొట్టింది, ఓపిక అయిపోయి ఊరికే కొట్టింది. పైపు వేడికి వేళ్ళు కమిలాయి. మూలన రికార్డర్ ఎర్రదీపం వెలుగుతూనే ఉంది. ఆపడం ఎవరికీ గుర్తులేదు.

తీసింది తమ్ముడు. వాడు హాల్లోకి వచ్చేసరికి అందరూ గోడలకి అతుక్కుని ఉన్నారు. సూపర్‌వైజర్ గొళ్ళేనికి అడ్డంగా నిలబడి, మేడమ్ ఆర్డర్, తీయకూడదు అన్నాడు. "అక్క లోపలుందా? ఫ్యాన్ ఆపేసి ఉంది కదయ్యా!" అని వాడు అతన్ని పక్కకి నెట్టి గొళ్ళెం లాగాడు. ఆవిడ గడప మీదికి దొర్లినట్టు పడింది. వెనకే ఆవిరి.

"మీరే కదా తీయొద్దన్నారు," అన్నాడు సూపర్‌వైజర్. తప్పు తన మీదికి వస్తుందేమోనని ఒక భయం, కళ్ళముందు పడివున్న మనిషిని చూసి ఇంకో భయం. రెండూ కలిసి అతని బుర్రలో ఒక దారి చూసుకున్నాయి. "దయ్యం మేడమ్‌నే పడగొట్టింది," అన్నాడు, హాల్లో అందరికీ వినపడేలా.

కాదనడానికి ఆవిడ నోరు తెరిచింది. గడప లోపల పిన్ని నిలబడి ఉంది, కొక్కెం ఎప్పట్లాగే చేతిలో ఉంది. ఆవిడ నోరు మూసుకుని తమ్ముణ్ణి మంచినీళ్ళు అడిగింది.

మర్నాడు యజమాని గదిలో చల్లగా ఉంది. గోడకి ఏసీ ఉంది, కిటికీకి పరదా ఉంది. ఆవిడ కమిలిన చేతికి గుడ్డ కట్టుకుని కూర్చుంది. పక్కన తమ్ముడు.

"మావాడేదో చెప్పాడు," అన్నాడు యజమాని. నవ్వాలో వద్దో తేలక మొహం అదోలా పెట్టాడు. "మీరు లోపలుండగానే వచ్చిందట. మిమ్మల్నే పడేసిందట. నేను నమ్మలేదనుకోండి. ఎవరు కొడుతున్నారో చెప్పండి, ఇవాళే గేటు అవతల పెడతాను. తలుపు సంగతి తేలిపోతుంది."

ఆవిడ రికార్డర్ బల్లమీద పెట్టి మీట నొక్కింది. తన అరుపులన్నీ అయిపోయాక వచ్చే చోటు అది. మనిషి గొంతు లేని చోటు. ఏది ఎక్కడ మొదలుపెట్టాలో, ఎక్కడ ఆపాలో ఆవిడ చేతులకే తెలుసు. ఇన్నేళ్ళలో ఇంకెవరైనా ఇలా ముక్క కోసి వినిపించి ఉంటే నలుగురిలో కడిగి పారేసేది.

చప్పుడు గదంతా నిండింది. యజమాని చెయ్యి బల్ల అంచు మీద బిగుసుకుంది.

"అదే," అన్నాడు. "అచ్చం అదే. ఎవరు కొట్టారు?"

"నేను గదిలోనే ఉన్నాను. కళ్ళారా చూశాను. మీ పనివాళ్ళలో ఒక్కరు కూడా ఇది కొట్టలేదు."

"మరి?"

"నేను చెప్పగలిగింది ఒక్కటే. తలుపు మూస్తేనే వస్తుంది. తెరిచి ఉంటే రాదు. కావాలంటే కెమెరా ముందు చెప్తాను."

తమ్ముడు అక్క వంక చూశాడు. ఆవిడ కళ్ళు తిప్పలేదు. చెప్పిన దాంట్లో ఒక్క మాట కూడా అబద్ధం కాదు. అంతా కలిపితే మాత్రం ఆవిడ జీవితంలో ఆడిన అతి పెద్ద అబద్ధం. నిజాలన్నీ పేర్చి అబద్ధం కట్టేవాళ్ళంటే ఆవిడకి ఎంత అసహ్యమో తమ్ముడికి తెలుసు.

"దయ్యాల మేడమే చేతులెత్తేసిందంటే..." యజమాని బెల్ కొట్టి సూపర్‌వైజర్ని పిలిచాడు. "ఆ గొళ్ళెం పీకి పారేయ్. తలుపు తెరిచే ఉండాలి. ఇవాళే."

వ్యాన్‌లో సామాను సర్దుతూ తమ్ముడు అన్నాడు, "నవ్వుతారక్కా జనం. దయ్యాల మేడమ్‌కే దయ్యం పట్టిందంటారు."

"అననీ."

"ఇన్నాళ్ళు సంపాదించుకున్న పరువు..."

"నువ్వా బయటి షాట్లు సరిగ్గా తీసుంటే చాలు, పద," అంది ఆవిడ. పరువు గురించి రాత్రంతా తనూ ఆలోచించింది. ఆలోచించిన ప్రతిసారీ చెంప కింద ఆ నేల తగిలింది.

పిన్ని చెయ్యి రికార్డయిన మెమరీ కార్డు జేబులోంచి తీసి, ఒక్కతే ఇస్త్రీ గదికి వెళ్ళింది. రోలర్ తిరుగుతోంది. ఆవిడ కార్డు చాపింది.

"ఏంటిది?"

"మొన్నటిది. ఇంక నా దగ్గర లేదు."

పిన్ని దాన్ని అటూ ఇటూ తిప్పి చూసింది. "ఇంకోటి దాచుకునే ఉంటావ్."

"లేదు. నిజం."

"నిజం మీ దగ్గరెప్పుడూ ఉంటుందిగా," అని పిన్ని కార్డుని తడి దుప్పటి మడతలో పెట్టి, మూలలు విదిలించి, రోలర్ నోటికి అందించింది. లోపల టక్కుమంది. అటువైపు నీళ్ళు గుమ్మరించినామె దుప్పటి అందుకుని, వంకరపోయిన ప్లాస్టిక్ ముక్కని వేలితో నేలమీదికి తోసి, మడత మొదలుపెట్టింది. ఎవరూ ఆవిడకి థాంక్స్ చెప్పలేదు. కూర్చోమనలేదు.

"జరుగు," అంది పిన్ని. "ట్రాలీ రావాలి."

ఆవిడ బయటికి వచ్చింది. సూపర్‌వైజర్ స్క్రూడ్రైవర్ పట్టుకుని గొళ్ళెంతో కుస్తీ పడుతున్నాడు. తెరిచిన తలుపుకి మరలు అందడం లేదని దాన్ని దగ్గరికి వేశాడు. రెండు మరలు వచ్చాయి. మిగిలినవి తుప్పు పట్టి కదలడం లేదు. కాసేపు తిప్పి, చెమట తుడుచుకుని, పనిముట్లు సర్దుకోవడం మొదలుపెట్టాడు.

"తుప్పండీ. రేపు చూద్దాం," అన్నాడు ఆవిడతో. "ఎల్లుండైనా పర్లేదు. పెట్టకపోతే సరి, గొళ్ళెం దాని మానాన అది ఉంటుంది."

లోపల్నుంచి తలుపు మోగింది. ఒక్కసారే, దబ్బున.

స్క్రూడ్రైవర్ అతని చేతిలోంచి జారి పడింది. హాల్లో మడతల బల్లల దగ్గర పని ఆగిపోయింది. అతను గోడకి చేరగిలబడి, పాలిపోయిన మొహంతో ఆవిడ వంక చూశాడు.

"విన్నారా మేడమ్?"

ఆవిడ వంగి, స్క్రూడ్రైవర్ తీసి, గుడ్డ కట్టిన చేత్తో అతనికి అందించింది.

"విన్నాను," అంది. "అన్నీ తీసేదాకా ఇక్కడే ఉంటాను. కానివ్వండి."